తూర్పున కోడి, పడమర కోడి

డిక్రీ చేతికొచ్చిన రోజున తటవర్తి పుండరీకం గోగులపాలెం మెయిన్ రోడ్డు పొడవునా జిలేబీలు పంచాడు. సివిలు దావాకి జిలేబీని మించిన మిఠాయి లేదు. ఎక్కడ మొదలైందో కనబడదు, ఎక్కడ ముగుస్తుందో అంతుపట్టదు, మధ్యలో ఉన్నంతసేపూ చేతులు అంటుకుపోతూనే ఉంటాయి. తిన్నవాళ్లు వేళ్లు నాక్కుంటూ, “మొత్తానికి గెలిచేశారన్నమాట శెట్టిగారూ!” అన్నారు. “ధర్మం గెలిచిందండీ” అన్నాడు పుండరీకం, ధర్మం తన మేనమామ అయినంత వినయంగా. కోర్టులో ఓడినవాడు అక్కడే ఏడిస్తే, గెలిచినవాడు ఇంటికొచ్చి ఏడుస్తాడని సామెత. పుండరీకం అప్పటికింకా ఇంటికి రాలేదు.

ఆయనది కోళ్ల దాణా వ్యాపారం. ‘కన్యకా దాణా డిపో’ అంటే చుట్టుపక్కల కోళ్లఫారాలన్నిటికీ అరువుల చెరువు. ఆ చెరువుకి పడ్డ పెద్ద గండి పేరు కలిదిండి భద్రరాజు. రెండు వేల కోళ్ల షెడ్డు ఉంది ఆయనకి. మూడేళ్లపాటు లారీ మీద లారీ దింపించుకున్నాడు గాని రూపాయి మీద రూపాయి పెట్టలేదు. పోనీ దుర్మార్గుడా అంటే, అంతటి మర్యాదస్తుడు గోదావరికి ఈ గట్టునా లేడు, ఆ గట్టునా లేడు. బాకీ అడగడానికి వెళితే గేటు దాకా ఎదురొచ్చి, చెయ్యి పట్టుకుని నడిపించుకెళ్లి, ఉప్మా పెసరట్టు పెట్టించేవాడు.

“ఇచ్చెయ్యాలండి శెట్టిగారూ. మీకియ్యకపోతే ఇంకెవరికిస్తామండి? ముందు పెసరట్టు చల్లారిపోతందండి. ఆయ్.”

ఉప్మా తిన్న నోట అప్పు మాట ఎలా వస్తుంది? అలా తింటూ తింటూ పుండరీకం అయిదు కేజీలు పెరిగాడు, బాకీ అయిదు లక్షలు దాటింది. అరువిచ్చినవాడికి బరువు, పుచ్చుకున్నవాడికి పరువు.

పుండరీకం కూడా సరుకు తెచ్చేది అరువు మీదే. పట్నంలో దాణా మిల్లు వాళ్ల దగ్గర గిడ్డంగి తాకట్టు పెట్టి తెస్తాడు. గిడ్డంగి వెనక వాటాలోనే కాపురం. మిల్లు మేనేజరు పోయిన వారమే ఫోను చేసి, “కార్తీక మాసం దాటితే గిడ్డంగికి మా తాళం వేస్తామండి, తర్వాత బాధపడి లాభం లేదు” అని కబురు కాదు, ముహూర్తమే చెప్పాడు. ఇది మాఘం. అంచేత డిక్రీ పుండరీకానికి కాగితం కాదు, గిడ్డంగి తాళంచెవి.

ఇంటికొచ్చి భార్య మాణిక్యాంబ చేతిలో పెట్టాడు. ఆవిడ అటూ ఇటూ తిప్పి చూసింది.

“డబ్బేదండీ?”

“డబ్బు ఇమ్మని కోర్టు చెప్పిందే.”

“ఆ మాట మూడేళ్ల నించీ మనమూ చెబుతున్నాం కదా. కోర్టు కొత్తగా ఏం చెప్పినట్టు?”

పుండరీకం జిలేబీ పొట్లం విప్పాడు. ఖాళీ.

మర్నాడు ప్లీడరు ఆకెళ్ల త్ర్యంబకం గారింటికి పరిగెత్తాడు. ఆయన వక్క నములుతూ జాలిగా చూశాడు.

“పిచ్చివాడా, డిక్రీ అంటే పెళ్లిచూపులయ్యా. పిల్ల నచ్చిందన్నారంతే. కాపురానికి రావద్దూ? దానికి ఎగ్జిక్యూషన్ పిటిషన్ వెయ్యాలి. మేం ముద్దుగా ఇ.పి. అంటాం.”

“ఇ.పి. వేస్తే ఎవరి ఈపు మోగుతుందండీ?”

“అది కోర్టు తేలుస్తుంది. సరే, ఆయన పేరున ఏమున్నాయో చెప్పు, జప్తు చేయిద్దాం.”

తీరా ఆరా తీస్తే ఇల్లు భార్య పేరున ఉంది, పొలం బావమరిది పేరున ఉంది, కారు ఫైనాన్సు కంపెనీ పేరున ఉంది. పేరుకి రాజే గాని, రాజు పేరున ఏమీ లేదు. మిగిలినవి కోళ్లు. కోళ్లు మాత్రం నికార్సుగా భద్రరాజువే. “అయితే కోళ్లనే పడదాం!” అన్నాడు త్ర్యంబకం. ‘ప్రతివాదికి చెందిన రెండు వేల కోళ్లు’ అని ఒక్క ముక్కలో షెడ్యూలు రాసి పిటిషను దాఖలు చేశాడు.

పిటిషను మర్నాడే వెనక్కొచ్చింది. కోర్టులో మర్నాడే అయ్యే పని ఇదొక్కటే. త్ర్యంబకం, పుండరీకం కలిసి శిరస్తాదారు కోదండపాణి ముందు నిలబడ్డారు. ఆ కోర్టులో ఏ కాగితం జడ్జిగారి ముందుకు వెళ్లాలన్నా ఆయన బల్ల మీదుగానే వెళ్లాలి. ఆయన కళ్లజోడు నుదుటి మీదికి నెట్టి, మాటలు స్టాంపులు గుద్దినట్టు గుద్దాడు.

“షెడ్యూలునందు హద్దులు లేవు.”

“కోళ్లకి హద్దులేమిటండీ?” అన్నాడు త్ర్యంబకం.

“సదరు కోళ్లు ఎక్కడ ఉండును?”

“గూళ్లలో ఉంటాయండీ” అన్నాడు పుండరీకం.

“గూళ్లు?”

“గచ్చుకి బోల్టులు బిగించి ఉంటాయండీ.”

“గచ్చు?”

“నేల మీదండీ.”

“అనగా భూమికి శాశ్వతముగా అంటుకొనియున్న కట్టడమునందు శాశ్వతముగా నివసించు ఆస్తి. దీనిని స్థిరాస్తి అందురు. స్థిరాస్తికి తూర్పు, పడమర, ఉత్తరం, దక్షిణం వ్రాయవలెను. ఒక్కొక్క దానికి విడివిడిగా.”

“కోళ్లు కదులుతాయి కదండీ!”

“కదిలి ఎక్కడికి పోవును?”

పుండరీకం ఆలోచించాడు. నిజమే, గూట్లో కోడి ఎక్కడికి పోతుంది? ఆ ప్రశ్నలో ఎక్కడో తన బతుకు కూడా కనిపించింది. బయటికొచ్చాక త్ర్యంబకం గాఢంగా నిట్టూర్చి, “కోడిగుడ్డుకి ఈకలు పీకేవాళ్లని నా సర్వీసులో చాలామందిని చూశానయ్యా. కోడికి హద్దురాళ్లు పాతేవాణ్ని ఇదే చూడ్డం. ఏం చేస్తాం, వెళ్లి రాసుకురా” అన్నాడు.

పుండరీకం, మాణిక్యాంబ దిక్సూచి, సుద్దముక్క, కాళ్లకు తొడిగే నంబరు రింగులు పట్టుకుని భద్రరాజు షెడ్డుకి వెళ్లారు. ఆయన గేటు దగ్గరే ఎదురొచ్చాడు.

“రండమ్మా రండి! మా కోళ్లకి హద్దులేయిస్తున్నారటండి, చాలా సంతోషమండి. మా పొలానికే లేవండి హద్దులు. మజ్జిగ పుచ్చుకుందురుగాని, ఎండగా ఉందండి.”

గూటికి మూడేసి కోళ్లు. మాణిక్యాంబ చెబుతుంటే పుండరీకం రాశాడు. ‘ఏడో వరస, మూడో గూడు, నడిమి కోడి. తూర్పు: జుట్టు వంకరగా ఉన్న కోడి. పడమర: మెడ మీద ఈకలు లేని కోడి. ఉత్తరం: దాణా తొట్టి. దక్షిణం: రాకపోకలకు ఉమ్మడి దారి.’ అలా సాగిపోతూనే ఉంది, తూర్పున కోడి, పడమర కోడి, తూర్పున కోడి, పడమర కోడి. మూడో రోజుకి పుండరీకం ఇంట్లో అన్నం ముందు కూర్చుని కూడా తూర్పున పప్పు, పడమర పచ్చడి అని గొణుక్కోవడం మొదలెట్టాడు.

“ఏవండీ, ఇంతకీ మీకు హద్దులెవరు?” అంది మాణిక్యాంబ వడ్డిస్తూ.

“తూర్పున నువ్వు. పడమర మిల్లు. ఉత్తరం కోర్టు.”

“దక్షిణం?”

“దక్షిణానికి దిక్పాలకుడు యముడే కదే. ఆయన్ని కూడా అడిగి రాసుకోవాలి.”

హద్దులు కుదిరాయి, పిటిషనుకి నంబరు పడి విచారణకెక్కింది, జప్తు ఉత్తర్వు వచ్చింది. ఉత్తర్వు పట్టుకుని అమీను ఇశ్రాయేలు షెడ్డుకొచ్చాడు. కోర్టు మాటను జనం గుమ్మంలోకి మోసుకొచ్చే ఉద్యోగం ఆయనది. ఉత్తర్వు ఒక కాపీ షెడ్డు తలుపుకి అంటించి, రెండో కాపీ కోళ్లకు వినబడేలా గట్టిగా చదివాడు.

“ఇప్పట్నించీ ఇయ్యి కోర్టు కోళ్లండి. అమ్మకూడదు, కొయ్యకూడదు, గూడు మార్చకూడదు. వేలం దాకా ప్రాణాలతో ఉండాలండి.”

“మరి మేత ఎవరేస్తారు?” అన్నాడు పుండరీకం.

“ఎవరి కోసం జప్తు అయిందో ఆరేనండి. డిక్రీదారు గారు. తమరే.”

“నేనా? బాకీ ఎగ్గొట్టింది ఆయనైతే మేత నేనెయ్యాలా?”

“రూల్లో ఉందండి. జప్తు చేసిన పశువుల పోషణ ఖర్చు డిక్రీదారు భరించాలండి. కాపలా మనిషికి రోజు బత్తా కూడా తమరే కట్టాలండి.”

“కాపలా మనిషెవరు?”

భద్రరాజు రెండు చేతులూ జోడించాడు. “నాకన్నా వీటి అలవాట్లు ఎవరికి తెలుస్తాయండి? శెట్టిగారి పనంటే నా సొంత పనేనండి. మీ కోళ్లకే లోటూ రానివ్వనండి.”

బస్తాకి బస్తా దాణా షెడ్డుకి, బత్తాకి బత్తా సొమ్ము రాజుకి. అరువిచ్చిన దాణా కోసం దావా వేస్తే, దావా బతకడం కోసం దాణా వేయాల్సి వచ్చింది. అదే లారీ, అదే షెడ్డు, అదే తొట్టి, అవే కోళ్లు. ఒక్కటే తేడా. ఇదివరకు భద్రరాజు బాకీ ఉండేవాడు, ఇప్పుడు బాకీ కూడా లేడు. ఆ లారీల మీద బిల్లు ఆయన పేరున రాయడానికి లేదు, కోర్టు పేరున రాయడానికి ధైర్యం లేదు.

సరే, గుడ్లయినా వస్తాయి కదా అని పుండరీకం తెల్లారేసరికి అట్ట ట్రేలు ఆటోలో వేయించుకుని వెళ్లాడు. వాలుగా ఉన్న గూళ్లలోంచి గుడ్లు ముత్యాల్లా దొర్లుకొస్తున్నాయి. ఒకటి చేతిలోకి తీసుకున్నాడో లేదో, ఇశ్రాయేలు “ఆగండాగండి!” అని అరిచాడు. “షెడ్యూల్లో గుడ్లు లేవండి.”

ఈ సంగతి జడ్జిగారి ముందుకెళ్లింది. జడ్జిగారు పెద్దమనిషి, ఒక్క కాగితం కూడా చదవకుండా పక్కన పెట్టరు. అదే ఆయనతో వచ్చిన చిక్కు.

“జప్తు నాటికి ఈ గుడ్లు ఉన్నవా?” అని అడిగారు.

“లేవండి. తర్వాత పెట్టినవి” అన్నాడు త్ర్యంబకం.

“జప్తు నాటికి పుట్టని ఆస్తిని ఈ న్యాయస్థానం ఎలా జప్తు చేసినట్టు? జప్తు అయిన ఆస్తిని సజీవంగా కాపాడుట డిక్రీదారుని ధర్మం. జప్తు కాని ఆస్తిని అనుభవించుట యజమాని హక్కు. కోడి ధర్మంలోనిది, గుడ్డు హక్కులోనిది.”

“మా మేత తిని పెట్టిన గుడ్లండీ!” అన్నాడు పుండరీకం.

“గుడ్లను కూడా జప్తు చేయించుకొనవచ్చు. అభ్యంతరం లేదు. ఒక్కో గుడ్డుకు షెడ్యూలు వేయండి, హద్దులు చూపండి.”

“అర్జీకి నంబరు పడేలోగా గుడ్డు మురిగిపోతుంది, యువరానర్” అన్నాడు త్ర్యంబకం.

“ఆ విషయమై ఈ కోర్టుకు సానుభూతి ఉన్నది” అని జడ్జిగారు మనస్ఫూర్తిగా అని, వాయిదా వేశారు. గారెలు ఒక వాయి దిగితే మరో వాయి మూకుట్లో పడ్డట్టు, అక్కడ ఒక వాయిదా దిగితే మరో వాయిదా కాగుతూ ఉంటుంది.

రోజూ పొద్దున్నే గుడ్ల వ్యాను భద్రరాజు గేట్లోంచి నిండుగా వెళ్లేది. దాణా లారీ లోపలికి, గుడ్ల వ్యాను బయటికి. ఖర్చు ఒకరిది, రాబడి ఒకరిది. మేత గుణమో, మనసు నిశ్చింతో గాని కోళ్లు ఎన్నడూ లేనన్ని పెడుతున్నాయి. పెట్ట మీద పెట్టుబడి పుండరీకానిది, పెట్ట పెట్టింది రాజుది. ఆయన మాత్రం ఎక్కడ కనబడినా నొచ్చుకునేవాడు. “మీరు గుడ్డు ముట్టరు గాబట్టి గాని, లేకపోతే రోజుకో ట్రే పంపుదునండి. మీకు పంపకుండా అమ్ముకుంటంటే నా చెయ్యి ఆడట్లేదండి.”

ఈలోగా తనిఖీకి వచ్చిన ఇశ్రాయేలు ఓ ఘోరం కనిపెట్టాడు. ఏడో వరస మూడో గూట్లో నడిమి కోడి తూర్పుకి జరిగింది. తూర్పు హద్దు కాస్తా నడిమికొచ్చింది. కోదండపాణి ఉలిక్కిపడ్డాడు. “హద్దుల అతిక్రమణ! షెడ్యూలుకు, ఆస్తికి పొంతన లేకున్న ఎడల జప్తు రద్దగును!” త్ర్యంబకం ఆగమేఘాల మీద అర్జీ పెట్టి, కోళ్లు ఎక్కడివక్కడే ఉండాలని స్టేటస్ కో ఉత్తర్వు తెచ్చాడు. అమీను దాన్ని షెడ్డులో నిలబడి చదివాడు. “స్టేటస్ కో...” అన్నాడో లేదో రెండు వేల గొంతులు “కో కో కో” అన్నాయి. “మాట వింటాయండి, మంచి కోళ్లు” అన్నాడు ఇశ్రాయేలు. ఆ మాత్రం అంగీకారం ఆ కోర్టులో ఏ ప్రతివాదీ తెలపలేదు.

వైశాఖం వచ్చింది. ఎండకి ఒక కోడి చచ్చిపోయింది. పుండరీకం బిక్కచచ్చిపోయి శిరస్తాదారు దగ్గరికి వెళ్లి నిలబడ్డాడు.

“పక్క కోడికి ఇప్పుడు తూర్పు హద్దు ఏమిటి?” అన్నాడు కోదండపాణి.

“ఖాళీ స్థలమండీ.”

“ఖాళీ స్థలం ఎవరిది?”

“చచ్చిన కోడిదండీ.”

“వారసులున్నారా?”

“గుడ్లు పెట్టిందండీ. అవి ఆమ్లెట్లయిపోయాయి.”

కోదండపాణి క్షణం కళ్లు మూసుకున్నాడు. తెరిచేసరికి వాటిలో జ్ఞానం వెలుగుతోంది. “వారసులు లేని ఖాళీ స్థలము సర్కారు వారికి చెందును. అనగా పోరంబోకు. కావున సర్కారు వారిని కక్షిదారుగా చేర్చి, తాసిల్దారు గారి నుండి అభ్యంతరం లేదని పత్రం తేవలెను.”

తాసిల్దారు ఆఫీసు వాళ్లు తెలివైనవాళ్లు. కుదరదని ఎప్పుడూ అనరు. సర్వేయరుని పంపారు. ఆయన గొలుసు పట్టుకుని షెడ్డుకొచ్చి, జానెడు గూటిని అరగంట కొలిచాడు. అప్పటికే పక్క కోళ్లు రెండూ సర్దుకుని, రెక్కలు విప్పుకుని హాయిగా కూర్చున్నాయి. ‘సదరు పోరంబోకు స్థలమునందు ఆక్రమణలు కలవు. ఆక్రమణదారులకు నోటీసులు జారీ చేయవలెను’ అని రాసుకుపోయాడు. నోటీసులు తీసుకొచ్చి తొట్టి మీద పెడితే కోళ్లు వాటిని పొడిచి చూసి, దాణా అంత రుచిగా లేవని వదిలేశాయి.

ఇంకో కోడి చస్తే ఇంకో పోరంబోకు, ఇంకో సర్వే, ఇంకో వాయిదా. ఆ లెక్కన కార్తీకం వస్తుంది గాని వేలం రాదు. ఆ రోజు నించి పుండరీకం ప్రాణం కోళ్ల ప్రాణంలో కలిసిపోయింది. షెడ్డు చుట్టూ తడిపిన గోనెలు కట్టించాడు. నీళ్లలో గ్లూకోజు కలిపించాడు. పశువుల డాక్టరుని రెండు పూటలా పిలిపించాడు. ఇంట్లో ఫ్యాన్లు ఊడదీసి తీసుకెళ్లి కోళ్లకు బిగించాడు.

మాణిక్యాంబ గుమ్మంలో చెమటలు కక్కుతూ, “నాకో విసనకర్ర కొంటారా, దానికీ డిక్రీ తెచ్చుకోమంటారా?” అని అడిగింది.

“కొంచెం ఓర్చుకోవే. వేలం అయిందంటే గిడ్డంగి మనది.”

“గిడ్డంగిలో ఏముందండీ? బస్తాలన్నీ అక్కడికే తోలారు. ఎలకలు కూడా ఖాళీ చేసి భద్రరాజు గారి షెడ్డుకి మకాం మార్చాయి.”

ఆవిడ అన్నది అక్షరాలా నిజం. శ్రావణంలో మిల్లు వాళ్లు పుండరీకానికి సరుకు ఆపేశారు. మిగిలిన ఖాతాదారులు తిరిగి తిరిగి మానేశారు. మాణిక్యాంబ గాజులు రెండు వేరే ఊరి దాణాగా మారి కోళ్ల కడుపులోకి వెళ్లాయి. ఆశ్వయుజంలో మేనేజరు ఫోను చేసి, “తాళం కొన్నామండి, గట్టిదే దొరికింది” అన్నాడు.

ఆ వారంలోనే తాసిల్దారు గారి పత్రం అందింది, వేలం వచ్చింది.

వేలం ప్రకటన టముకు వేసి చాటాలని నిబంధన. ఎక్కడ చాటాలి? ఆస్తి ఉన్న చోట. ఇశ్రాయేలు టముకు వాణ్ని షెడ్డు నడిమికి తీసుకెళ్లి వాయించమన్నాడు. మొదటి దెబ్బకి రెండు వేల కోళ్లూ ఒక్కసారి ఎగిరాయి. ఈకలు దీపావళి మతాబుల్లా రాలాయి. తూర్పు పడమరైంది, ఉత్తరం నెత్తినెక్కింది. పుండరీకం ఒక గూటి నించి ఇంకో గూటికి పరిగెడుతూ, “ఓ ముప్పై నాలుగూ, నీ స్థలానికెళ్లవే! అమ్మా తొంభై, నువ్వు పడమరే!” అని రింగులు చూసి బతిమాలి సర్దాడు. భద్రరాజు కూడా పంచె ఎగ్గట్టి సాయం చేశాడు. మర్యాద మర్యాదే.

పాటకి చికెన్ కొట్ల వాళ్లు గుంపుగా వచ్చారు. బేరం బాగుంటుందనుకున్నారు. కోదండపాణి షరతులు చదివాడు.

“సదరు ఆస్తి స్థిరాస్తియై యున్నందున, పాటదారుడు దానిని హద్దులు దాటించి కొనిపోరాదు. స్థిరాస్తి కొన్నవాడు ఆస్తి ఉన్న చోటికి పోవలెను గాని, ఆస్తి కొన్నవాని వెంట పోదు.”

“అంటే కోడిని పట్టుకెళ్లకూడదా?” అన్నాడొక చికెన్ కొట్టతను.

“పొలము కొనినచో పొలమును భుజాన వేసుకొని పోయెదవా?”

చికెన్ కొట్ల వాళ్లు ఒకరి మొహం ఒకరు చూసుకుని, టీ తాగి వెళ్లిపోయారు. అక్కడ ఇక మిగిలింది పుండరీకం, ప్లీడరు, ఈకలు.

“పాట లేకపోతే ఏమవుతుందండీ?” అన్నాడు పుండరీకం పీలగా.

“జప్తు ఎత్తివేయబడును. తిరిగి మొదటి నుండి పిటిషను వేసుకొనవచ్చును” అన్నాడు కోదండపాణి. “కొత్త హద్దులతో.”

మొదటి నుండి అన్న మాట వినగానే పుండరీకం ప్లీడరు కేసి తిరిగాడు. త్ర్యంబకం ఆయన చెవిలో ఊదాడు. “అనుమతి తీసుకుని నువ్వే పాడెయ్యవయ్యా. డిక్రీ సొమ్ము కింద చెల్లుబెట్టేస్తారు.” పుండరీకం చెయ్యెత్తాడు. పాట ఒకటోసారి, రెండోసారి, మూడోసారి. అయిదు లక్షల పైచిలుకు బాకీ, వడ్డీ, ఖర్చులతో సహా చెల్లు. రెండు వేల కోళ్లు, ఒకటి తక్కువ, తటవర్తి పుండరీకం సొత్తు.

శిరస్తాదారు మొదటిసారిగా లేచి నిలబడి కరచాలనం చేశాడు. “అభినందనలు. ఈ న్యాయస్థానమునందు పైసాతో సహా వసూలైన డిక్రీ మీదే. వార్షిక నివేదికలో వ్రాయుచున్నాను.”

వసూలైన సొమ్ము గూళ్లలో కూర్చుని మేత కోసం అరుస్తోంది. షెడ్డు భద్రరాజుది గనక ఆ రోజు నించి అద్దె కూడా మొదలైంది. “అద్దెకేం తొందర లేదండి, నిదానంగా ఇద్దురుగాని” అన్నాడాయన.

గుడ్లు ఇప్పుడు పుండరీకానివే. నెలరోజులు గుడ్లమ్మితే మిల్లుకి కట్టొచ్చు, గిడ్డంగి దక్కుతుంది. కాని గుడ్డు రావాలంటే దాణా పడాలి, దాణా కొనాలంటే గుడ్డు అమ్మాలి. కోడి ముందా గుడ్డు ముందా అని లోకం తగువులాడుకుంటుంది గాని, రెంటికీ ముందు దాణా. ఆ దాణా ఇప్పుడు ఊళ్లో ఒక్కచోటే దొరుకుతోంది. గుడ్ల సొమ్ముతో మిల్లు ఏజెన్సీ పుచ్చుకుని, కన్యకా డిపోకి సరిగ్గా ఎదురుగా భద్రరాజు పెట్టిన కొత్త కొట్లో.

పుండరీకం రోడ్డు దాటాడు. భద్రరాజు గల్లా దిగి ఎదురొచ్చాడు.

“రండి శెట్టిగారూ, రండి! మీరు రాకపోతే కొట్టుకి కళే లేదండి.”

“రాజుగారూ, ఒక్క లారీ అరువివ్వండి.”

“అయ్యో, మీకు కాకపోతే ఎవరికండి. నగదైతే ఎన్ని లారీలైనా ఇస్తానండి.”

“పోనీ నేను ఎగ్గొట్టాననుకోండి. నా మీద దావా వెయ్యండి! మా ప్లీడరునే మాట్లాడిపెడతాను మీకు. హాయిగా కోళ్లని జప్తు చేయించుకోండి, నేను అడ్డు చెప్పను, కాపలా కూడా నేనే కాస్తాను!”

భద్రరాజు ముందు నవ్వాపుకున్నాడు. తర్వాత ఆపుకోలేదు. కళ్లు తుడుచుకుని, పుండరీకం భుజం మీద ఆప్యాయంగా చెయ్యేశాడు. “మనలో మనకి కోర్టులేంటండి, తప్పు కదండి. మిమ్మల్ని ఆ మెట్లెక్కించి అంత బాగుచేసే స్తోమత నాకెక్కడిదండి? ఆయ్.”

ఆ సాయంత్రం పుండరీకం డిపో అరుగు మీద కాళ్లు బారజాపుకుని కూర్చున్నాడు. ఎదురుగా చూస్తే కోళ్లు గుర్తొస్తున్నాయి, వెనక్కి చూస్తే తాళం గుర్తొస్తోంది. మాణిక్యాంబ పక్కన చేరింది.

“అనుభవం ఉన్నవాడి దగ్గరికెళ్లి అరువడిగితే ఎవడిస్తాడండీ? కోర్టు ముఖం చూడని దాణా కొట్టు ఎక్కడుందో కనుక్కోండి.”

“అలాంటి అమాయకుడు ఉంటాడంటావా?”

“నన్నడుగుతారేం? నేను అలాంటాయనతోనే కాపురం చేస్తున్నాగా.”

పుండరీకం తెల్లారకముందే బస్సెక్కాడు. మూడూళ్లు తిరిగాడు. మొదటి ఊళ్లో కొట్టాయన అరువు మాట వినగానే తన దావా నడిపిన ప్లీడరు పేరు తలుచుకుని కన్నీళ్లు పెట్టుకున్నాడు. రెండో ఊళ్లో కొట్టే లేదు, వేలం నోటీసు వేలాడుతోంది. మూడోది చినమల్లవరం. హైవే పక్కన కొత్త రంగుల కొట్టు. షట్టరుకి ప్రారంభోత్సవం నాటి బంతిపూల దండ ఇంకా వాడలేదు. కుర్చీలో కూర్చున్న యజమాని శ్రీధరానికి పాతికేళ్లుంటాయి. టై కూడా కట్టుకున్నాడు.

“బాబూ, నాది రెండు వేల కోళ్ల ఫారం. సరుకు అరువు మీద కావాలి. నిజం చెప్పాలి కదా, ఇప్పటికిప్పుడు నా దగ్గర డబ్బు లేదు” అన్నాడు పుండరీకం ఎదుటి కుర్చీలో కూర్చుని. దాచడం ఇష్టంలేకపోయింది. రాజు గారి దగ్గర నేర్చుకున్న మర్యాద అది.

“పర్వాలేదండీ” అన్నాడు శ్రీధరం హుషారుగా. “వ్యాపారమన్నాక అరువు ఇవ్వకపోతే ఎలాగండీ? మా ఎంబీయేలో కూడా అదే చెప్పారు. ఎగ్గొట్టినా ఎక్కడికి పోతారండీ? కాగితం ఉంటుంది, చట్టం ఉంటుంది, కోర్టు ఉంటుంది!”

ఆ పిల్లవాడి మొహంలో ఉన్న నమ్మకం ఒకప్పుడు పుండరీకం మొహంలో ఉండేది. లేచి వెళ్లిపోదామని ఒక అడుగు వేశాడు కూడా. ఆ అడుగు తీసుకెళ్లి ఆయన్ని మళ్లీ అదే కుర్చీలో కూర్చోబెట్టింది.

“నిజమే బాబూ, కోర్టు ఉంది” అన్నాడు. “ముందు ఓ రెండు లారీలు లోడు చేయించు.”